ఎదురు నడక

రోశయ్య స్కూటరుకి స్టాండు కూడా వెయ్యలేదు. కాలేజీ గేటు పక్క గోడకి ఆనించేసి లోపలికి వచ్చాడు.

"ఏదీ అది? ఎక్కడుందీ?"

షామియానా కింద నుంచి సౌజన్య పరుగున ఎదురొచ్చింది. ఒంటి మీద నిన్నటి ట్రాక్‌సూటే ఉంది. నిద్ర లేక కళ్ళు చింతనిప్పుల్లా ఉన్నాయి. పెళ్ళయి నాలుగేళ్ళయినా, తను ఆటల పి.డి.గా పనిచేసే ఈ గ్రౌండులో మామగారి కాలు పడటం ఇప్పుడే చూస్తోంది. ఇలా పడుతుందని మాత్రం అనుకోలేదు.

"నెమ్మదిగా, మామయ్యా. అత్తయ్యకి ఇప్పుడే కునుకు పట్టింది."

"కునుకా! నడివీధిలో కునుకా!"

"వీధి కాదండీ, గ్రౌండు."

"నాకు చెప్పమాక. నిన్న చీకటితో పోయింది మనిషి. ఒక పూట తిరిగి, కాళ్ళు పీకి, పొద్దుగూకేసరికి వస్తదిలే అనుకున్నా. రాలా. ఇయ్యాల మజ్జానం కూడా దాటింది. పాలోడొచ్చి చెబుతున్నాడు నాకు, 'పెద్దాయనా, మీ ఇంటావిడ ఇంకా తిరుగుతానే ఉంది' అని. నా పెళ్ళాం సంగతి నాకు పాలోడు చెప్పాలంటరా?"

ఆఖరి మాట కొడుకు వైపు తిరిగి అన్నాడు. నాగచైతన్య ఫ్లాస్కు పట్టుకుని భార్య వెనకాల నిలబడి ఉన్నాడు. ఇంట్లో గొడవ లేచినప్పుడల్లా అతను నిలబడేది ఎవరో ఒకరి వెనకాలే.

"నువ్వన్నా చెప్పవేంరా?"

"అమ్మ నా మాట వింటదా, నాన్నా?"

"మీ అమ్మ సంగతి కాదు. నీ పెళ్ళాం సంగతి."

"ఆమె కూడా వినదు."

సౌజన్య మొగుడి వైపు ఒక చూపు చూసి, మామగారి వైపు తిరిగింది. "నేను అత్తయ్యని రమ్మనలేదు, మామయ్యా. ఊళ్ళో ఎవరైనా పేరివ్వొచ్చని గేటు ముందు బోర్డు పెట్టాం. ఆవిడే వచ్చి ఇచ్చారు. వద్దని ఎంత బతిమాలానో మీరూ విన్నారు."

"విన్నా. నేనేమన్నానో నువ్వూ విన్నావుగా? ఆ గ్రౌండుకి పోతే మళ్ళీ నా గడప తొక్కొద్దన్నా. తల ఊపింది. ఊపి, పొయ్యి కట్టేసి, చెప్పులన్నా వేసుకోకుండా పోయింది. ఇన్నేళ్ళ కాపరంలో నా మాటకి తల ఊపి ఎదురు పని చెయ్యటం ఇదే మొదలు."

ఫ్లాస్కు మూత బిగించడం తప్ప నాగచైతన్య దగ్గర పని లేదు.

షామియానా కర్రలకి కట్టిన ఫ్లెక్సీ గాలికి టపటపలాడుతోంది. '1879 — ఒక ఏడాది ఆటలు' అని దాని మీద పెద్ద అక్షరాలు. ఇది సౌజన్య పెట్టిన సరదా. ప్రతిసారీ ఉండే ఖోఖో, షాట్‌పుట్‌లతో విసుగొచ్చి, ఈ వార్షికోత్సవానికి పాత ఏడాది ఒకదాన్ని పట్టుకుంది. ఆ ఏడు ప్రపంచంలో జనం ఏమేం ఆడారో అవన్నీ చీరాల ఆడపిల్లల చేత ఆడించింది. ఇంగ్లండులో ఒక పాదిరీ టెన్నిస్ పోటీల మధ్యలో ఆదివారం ప్రార్థన చేయించడానికి తన ఊరెళ్ళి, మళ్ళీ వచ్చి ఆడి కప్పు పట్టుకుపోయిన ఏడాది అది. ఆస్ట్రేలియాలో ఒక బౌలరు వరసగా మూడు బంతులకి ముగ్గుర్ని ఇంటికి పంపిన ఏడాది. వీటన్నిటినీ మించి, జనం టిక్కెట్లు కొనుక్కుని మరీ నడకని చూడటానికి ఎగబడిన ఏడాది. లండన్లో, న్యూయార్కులో మగవాళ్ళు ఆరేసి రోజులు గుండ్రంగా నడుస్తుంటే, ఊళ్ళకి ఊళ్ళు కూర్చుని చూశాయి.

అందుకని చివరి అంశంగా నడక పెట్టింది. పావుగంటకోసారి గంట కొడతారు. కొట్టగానే లేచి గ్రౌండు చుట్టూ ఒక చుట్టు నడవాలి. మిగిలిన టైములో కూర్చుంటావో, తింటావో, పడుకుంటావో నీ ఇష్టం. అంతలో మళ్ళీ గంట. శుక్రవారం తెల్లవారుజామున మొదలుపెట్టి ఆదివారం తెల్లవారే దాకా ఇంతే.

వినడానికి పిల్లలాటలాగే ఉంటుంది. మార్నింగ్ వాకింగు వాళ్ళు తెల్లబూట్లు వేసుకుని, నవ్వుకుంటూ వచ్చారు. మొదటి రోజు రాత్రి భోజనాల వేళకి సగం మంది లేరు. వాళ్ళని పడేసింది కాళ్ళు కాదు, నిద్ర. ఒక బ్యాంకు మేనేజరు గంట విని కూడా కుర్చీలోంచి లేవలేక, పక్కనున్న భార్య మీద కసిరి, అక్కడే గురక పెట్టాడు. ఈ శనివారం మధ్యాహ్నానికి ఇద్దరే మిగిలారు. పోలీసు ఉద్యోగానికి తయారవుతున్న డిగ్రీ పిల్ల జైనాబీ ఒకతె. రెండో ఆమె అరవై ఏళ్ళ వెంకటేశ్వరమ్మ.

ఆమె ప్లాస్టిక్ కుర్చీలో తల ఒక పక్కకి వాల్చి నిద్రపోతోంది. చీర కుచ్చిళ్ళు పైకి దోపి ఉన్నాయి. మడమలకి పాత చీర పేలికలు చుట్టి ఉన్నాయి. పేలికల అంచున రక్తం ఎండి నల్లబడింది.

రోశయ్య అది చూశాడు. గొంతు కొంచెం తగ్గింది గానీ మాట తగ్గలేదు.

"ఏమే. లెగు. ఇంటికి పోదాం."

ఆమెలో కదలిక లేదు.

"ఏమే, నిన్నే!"

జైనాబీ పక్క కుర్చీలోంచి కళ్ళు తెరిచి చూసి, మళ్ళీ మూసుకుంది. చుట్టూ కాలేజీ పిల్లలు గుమిగూడారు. రోశయ్య చేతులు వెనక్కి కట్టుకున్నాడు. పదిమందిలో పెళ్ళాం రెక్క పట్టి లాగే రకం కాదాయన. ఇంట్లో అయినా నేతసంఘంలో అయినా మాటతోనే నడిపించుకొచ్చాడు, చెయ్యి అవసరం రాలేదు. ఆ మాట ఇప్పుడు గట్టిగా రెండుసార్లు పడినా ఆమె చెవికి ఎక్కలేదు.

అప్పుడు గంట మోగింది.

వెంకటేశ్వరమ్మ కళ్ళు టక్కున తెరుచుకున్నాయి. ఎవరో లేపి నిలబెట్టినట్టు లేచి నిలబడింది. ఎదురుగా మొగుడు. ఆయన్ని అక్కడ చూసి ఆశ్చర్యపోయినట్టు లేదు.

"అన్నం తిన్నావా?" అంది.

జవాబు కోసం ఆమె ఆగలేదు. ఎండలోకి దిగి, సున్నపు గీత వెంట, జైనాబీకి ముందుగా నడిచిపోయింది.

* * *

"మజ్జానం బీపీ మాత్ర వేసుకుందా?"

కాసేపటికి రోశయ్యే కదిలించాడు. చొక్కా జేబులోంచి మాత్రల అట్ట సగం బయటికి తీశాడు.

"వేశానండి," అంది సౌజన్య. "కాలేజీ నర్సు బీపీ కూడా చూసింది. బాగానే ఉందంది."

ఆయన అట్టని మళ్ళీ జేబులోకి తోసేశాడు. అది ఇవ్వడానికే వచ్చినట్టు అందరికీ తెలిసిపోయిందేమోనని కోపం ఇంకొంచెం పెరిగింది.

"ఎవురి బుద్ధంటా ఇది? పావుగంటకో గంట కొట్టి మనుషుల్ని తిప్పటం? గానుగెద్దు నయం కదా, రాత్రి పూటన్నా పడుకుంటది."

"ఆ ఏడాది ఒకావిడ నడిచిందండీ, ఇట్లానే. ఇంగ్లండు మనిషి. అమెరికా వెళ్ళి, బ్రూక్లిన్ అనే ఊళ్ళో ఒక హాలు తీసుకుని, అందులో గుండ్రంగా బాట వేయించుకుని నడిచింది. పావుగంటకి పావుమైలు."

"రెండు రోజులా?"

"నెలండీ. దగ్గర దగ్గర నెల."

రోశయ్య కోడలి వైపు పూర్తిగా తిరిగాడు. "నెల ఏందమ్మా? మీ వినుకొండోళ్ళు లెక్కలు కూడా కొండంత చేసి చెబుతారా?"

"ఒట్టండీ. ఒక్క గంటా తప్పలేదు."

"మరి ఎప్పుడు పడుకుంది?"

"అదేనండీ. పడుకోవటం అంటూ లేదు. పది నిమిషాలు కునుకు తీయటం, లేవటం, నడవటం. మళ్ళీ కునుకు. కళ్ళు మూసుకుని నడిచిన చుట్లు కూడా ఉన్నాయంట. ఆఖరి రోజు హాల్లో కాలు పెట్టే చోటు లేదంట జనంతో. ఆఖరి చుట్టు మిగతా వాటన్నిటికంటే జోరుగా నడిచిందని రాశారు."

ఎదర సున్నపు గీత వెంట, ఎండకి మెరుస్తున్న నేల మీద, రెండు ఆకారాలు నింపాదిగా కదులుతున్నాయి. నెల అన్న మాటని నోట్లో పెట్టుకుని అటూ ఇటూ తిప్పుతున్నట్టు దవడ కదిలించాడు.

"ఆమె మొగుడేవన్నాడు?"

"తెలీదండీ. నేను చదివిన దాంట్లో లేదు."

"రాయరు. అదే రాయరు."

సౌజన్యకి నవ్వు రాబోయి ఆగింది. "ఇది అత్తయ్యకి చెప్పింది వంటింట్లోనండీ. చింతపండు పిసుకుతూ విన్నారు. అంతా విని, చేతులు కడుక్కుని, 'గుండ్రంగా తిరిగితే ఎక్కడికీ పోదుగా ఆ తల్లి?' అన్నారు. అవును అత్తయ్యా, ఎక్కడికీ పోదు అన్నా. 'అయినా దాన్ని నడకే అన్నారా?' అని అడిగారు. అన్నారు అత్తయ్యా, పేపర్లన్నీ రాశాయి అన్నా. ఇంకేం మాట్లాడలేదు. మర్నాడు పొద్దున్నే వచ్చి పేరిచ్చారు."

"అందులో ఏవుందని?"

"నాకూ తెలీదండీ. ఈ నడక పూర్తి చెయ్యకపోతే మాత్రం అత్తయ్య మళ్ళీ దేనికీ నోరు తెరిచి అడగరని అనిపిస్తోంది."

వెంకటేశ్వరమ్మ చుట్టు ముగించి వచ్చింది. నాగచైతన్య మూతలో పోసిచ్చిన మజ్జిగ తాగింది. మొగుణ్ణి చూసి ఏదో చెప్పబోయి, చెప్పేలోపే నిద్రలోకి జారిపోయింది. దీపం ఆర్పితే ఎలా ఆరుతుందో అలా ఆరిపోయింది మనిషి.

మళ్ళీ గంట. మళ్ళీ లేచింది. గీత దగ్గరికి వెళ్ళింది. జైనాబీ ఎప్పటిలాగే ఎడమ చేతి వైపు సాగిపోయింది.

వెంకటేశ్వరమ్మ కుడి వైపు తిరిగింది.

* * *

విజిల్ పడింది. గుండెలదిరేట్టు.

"అమ్మా! అటు కాదు! ఎదురు దిక్కు! అమ్మగారూ!"

స్కోరు బల్ల వెనక నుంచి ప్రేమదాసు మాస్టారు లేచి వచ్చాడు. రిటైరైన డ్రిల్లు మాస్టారు, ఈ నడకకి అంపైరు. సర్వీసులో ఉన్నప్పుడు సొంత కొడుకుని ఫాల్స్ స్టార్టు కింద పక్కన కూర్చోబెట్టిన మనిషి.

వెంకటేశ్వరమ్మకి ఆ విజిల్ వినపడినట్టు లేదు. ఎదురుగా వస్తున్న జైనాబీ పక్కకి తప్పుకుంది. ఇద్దరూ గ్రౌండుకి అవతలి కొసలో ఒకరినొకరు దాటుకున్నారు. వెంకటేశ్వరమ్మ అలాగే వచ్చి కుర్చీలో కూలబడింది.

"అత్తయ్యా, అటెందుకు తిరిగారు?" సౌజన్య మోకాళ్ళ మీద కూర్చుని అడిగింది.

"ఎటు?"

"ఎదురు దిక్కుకి."

"తిరిగానా?" కాసేపు ఆలోచించింది. "నేను తిరగలేదమ్మాయ్. కాళ్ళు తిరిగినయ్యి." అంతే, కళ్ళు మూతబడ్డాయి.

"ఒకసారికి ఊరుకుంటా," అన్నాడు మాస్టారు. "అలిసిపోయి దారి తప్పింది అనుకుంటా. రెండోసారి అయితే ఎర్ర కార్డే. తర్వాత నన్నేమీ అనబాకమ్మా సౌజన్యా. మీ అత్తగారని చూస్తే రేపు ఊరు నిన్నూ నన్నూ కలిపి తిడద్ది."

సౌజన్య పెదవి కొరుక్కుంది. ఆయన అన్నది అబద్ధం కాదు. ఊళ్ళో ఇప్పటికే, పి.డి. మేడం అత్తగారికి కుర్చీ నీడలో వేయించిందని ఒక మాట పుట్టింది.

రోశయ్య ముఖంలో వెలుగు వచ్చింది. "అయితే ఇంకోసారి అటు తిరిగితే ఇంటికి పంపేస్తారన్నమాట."

"పంపేస్తా."

"రాసి పెట్టుకోండి, తిరుగుద్ది. దానికి మతి తప్పింది."

గంట మోగింది. వెంకటేశ్వరమ్మ లేచి గీత దగ్గరికి వెళ్ళింది. ఒక్క క్షణం ఆగి, మళ్ళీ కుడి వైపే తిరిగింది. నడుస్తూ నడుస్తూ కుడి చెయ్యి కొంచెం పైకి లేపింది. చెయ్యి ఒకసారి లోపలికి, ఒకసారి బయటికి పోతోంది. లోపలికి. బయటికి.

"చెయ్యి వణుకుతోంది!" అన్నాడు నాగచైతన్య. "సౌజన్యా, అమ్మ చెయ్యి చూడు. పక్షవాతం గానీ..."

మాస్టారు జేబులోంచి ఎర్ర కార్డు తీశాడు.

"ఆగండి మాస్టారూ."

రోశయ్య గొంతు అది. ఆయన షామియానా నీడలోంచి ఎండలోకి ఎప్పుడు వచ్చాడో ఎవరూ చూడలేదు. కళ్ళ మీద చెయ్యి అడ్డం పెట్టుకుని చూస్తున్నాడు.

"అది వణుకు కాదు."

"మరి?"

"పడుగు పోస్తంది."

మాస్టారికి అర్థం కాలేదు. చుట్టూ ఉన్న పిల్లల్లో నేతన్నల ఇళ్ళవాళ్ళు కూడా ఉన్నారు. వాళ్ళకీ అర్థం కాలేదు. చీరకి నిలువునా పోయే పడుగు నూలుని డ్రమ్ముల మీద చుట్టించి తెచ్చుకోవడం వచ్చి చాలా కాలమైంది. అంతకు ముందు ఇళ్ళ వెనక సందుల్లో వరసగా కర్రలు పాతి, ఆడవాళ్ళు చేత్తో నూలు కండె పట్టుకుని, ఒక కర్రకి లోపల నుంచి, ఒక కర్రకి బయట నుంచి దారం వేసుకుంటూ ఈ కొస నుంచి ఆ కొసకి నడిచేవాళ్ళు. కొసకి చేరగానే వెనక్కి తిరిగి, వచ్చిన దారినే మళ్ళీ నడిచేవాళ్ళు. ఒక పడుగు అయ్యేసరికి పొద్దు వాలేది.

"గుండ్రంగా ఒకే దిక్కుకి తిరిగితే పడుగు రాదు మాస్టారూ," అన్నాడు రోశయ్య. "కర్రలకి చుట్టుకుపోద్ది. పోవాల, తిరిగి రావాల. నిన్న పొద్దున్నుంచి ఒకే పక్కకి తిప్పారు మీరు. దాని ఒంటికి అది తప్పని తోచింది. ఇప్పుడు నిద్రలో ఉంది. నిద్రలో తప్పు సరి చేసుకుంటంది."

మాస్టారు చేతిలోని కార్డు వైపు చూసుకున్నాడు.

సౌజన్య మెల్లగా అంది. "మాస్టారూ, 1879లో ఆరు రోజుల నడకల్లో చుట్టు పూర్తయ్యాక దిక్కు మార్చుకోనిచ్చేవాళ్ళండి. నేను చదివాను. మనం రాసిన రూల్సులో గ్రౌండు చుట్టూ ఒక చుట్టు అని ఉంది గానీ ఏ దిక్కుకో లేదు. కానీ నేను చెప్పకూడదు. మా అత్తగారు కాబట్టి నేను చెప్పకూడదు."

"చెప్పకూడదంటూనే చెప్పావు కదమ్మా." మాస్టారు కార్డుని రెండు వేళ్ళ మధ్య తిప్పుతూ, గీత వెంట నడుస్తున్న జైనాబీని ఆపకుండా పక్కనే నడిచాడు. "అమ్మాయ్, ఆమె ఎదురు నడిస్తే నీకేమన్నా అభ్యంతరమా? ఉంటే చెప్పు. ఆమె బయటికి పోతే గెలుపు నీదే."

జైనాబీ పెదాలు ఎండిపోయి ఉన్నాయి. "వద్దు సార్. ఒకే దిక్కున అయితే పెద్దమ్మ వీపు చూస్తా నిద్రపోతన్నా. ఎదురొస్తే మొహం కనబడతది. ఆ మొహం చూశాక నిద్ర రావట్లా."

మాస్టారు అక్కడే ఆగిపోయాడు. కార్డు జేబులో పెట్టుకున్నాడు.

"నా సర్వీసంతా పిల్లల్ని ఎడమ పక్కకే తిప్పాను," అన్నాడు తనలో తను అనుకుంటున్నట్టు. "ఎందుకని ఒక్కడూ అడగలా."

* * *

వెంకటేశ్వరమ్మ అవతలి మలుపు దగ్గర ఉంది. చెయ్యి లోపలికి, బయటికి. అడుగులో ఎక్కడా తొందర లేదు, ఎక్కడా నింపాది లేదు. మగ్గం మీద నాడె అటూ ఇటూ ఆడినట్టు ఒకే వరస.

రోశయ్య గ్రౌండు అంచున ఉన్న ఇనప కమ్మీ పట్టుకుని చూస్తున్నాడు.

ఆయన ఇన్నేళ్ళూ కూర్చున్నది గుంట మగ్గంలో, గోడకి ఎదురుగా. వెనక సందులో ఆమె నడుస్తున్న చప్పుడు వినపడుతూనే ఉండేది. గోడ గడియారం చప్పుడు వినపడినట్టే వినపడేది. సాయంత్రానికి పడుగు తయారై వచ్చేది. బాగుంటే బాగుందనేవాడు, లేకపోతే తిట్టేవాడు. అది రావడానికి ఒక మనిషి ఎంత దూరం నడవాలో ఆయన తలలోకి ఒక్క పూటా రాలేదు. ఆయన నేసిన చీరలన్నీ, పట్టుకుని బజార్లో నలుగురికీ గర్వంగా చూపించిన చీరలన్నీ, ఆ కాళ్ళు వేసిన దారి మీద నిలబడినవే. పెళ్ళయిన కొత్తలో మొదలుపెట్టిన నడక. నెల కాదు. ఏడాది కాదు. అమెరికాలో నడిచిన ఆమెకి ఆఖరి రోజున హాలు నిండా జనం ఉన్నారు. ఈమెకి సందు చివర మున్సిపాలిటీ కుళాయి ఒకటి ఉండేది.

"అంత నడిచిందా ఇది," అన్నాడు. ఎవరితోనో కాదు. "అంత నడిచిందీ..."

ఎదర ఎండలో వస్తున్న ఆ పొట్టి మనిషి ఆయన కళ్ళకి మొదటిసారి చూస్తున్నట్టుంది. చేతులు జోడించాలని అనిపించి, పిల్లలు చూస్తారని కమ్మీనే గట్టిగా పట్టుకున్నాడు.

అంతలో ఆమె కాలు తడబడింది. ఒక అడుగు పక్కకి పడింది. నాగచైతన్య ఫ్లాస్కు కింద పడేశాడు.

"నాన్నా! పడిపోద్ది నాన్నా! ఆపు!"

"నేనెట్టా ఆపేది?"

"నీకు తెలుసుగా! నాయనమ్మ అరిచేది కదా చిన్నప్పుడు. 'పోగు తెగింది' అని అరిస్తే అమ్మ ఎక్కడున్నదక్కడ కట్టెలా నిలబడిపోయేది. వంటింట్లో ఉన్నా నిలబడిపోయేది. అరువు నాన్నా. ఒక్కసారి అరువు, ఆగిపోద్ది. తర్వాత నేను ఎత్తుకుని తీసుకొస్తా."

సౌజన్య బిక్కచచ్చిపోయింది. మొగుడు ఎవరి వెనకా లేకుండా ముందుకొచ్చి మాట్లాడటం ఆమె ఇదే చూడటం. అతన్ని తప్పు పట్టలేకపోయింది. పడుగు పోసేవాళ్ళు దారం తెగితే ఆ అడుగులోనే ఆగాలి. ఇంకో అడుగు వేస్తే తెగిన కొస దొరకదు. ఆ మాట చెవిన పడితే వెంకటేశ్వరమ్మ నిద్రలో ఉన్నా ఆగుతుంది. చుట్టు మధ్యలో ఆగి, తర్వాతి గంట కొట్టేలోపు పూర్తి చెయ్యకపోతే మాస్టారు కాదు కదా, ఎవరూ ఆమెని పోటీలో నిలబెట్టలేరు.

రోశయ్య ఇంటి నుంచి బయల్దేరింది ఆమెని ఆపడానికే. ఆపే మాట ఇప్పుడు ఆయన నోట్లో ఉంది.

ఆమె దగ్గరికి వస్తోంది. మొహం కనిపిస్తోంది. కళ్ళు సగం మూసి ఉన్నాయి. పెదాల మీద ఉప్పు తెల్లగా పేరుకుంది. మడమ పేలిక ఒకటి ఊడి నేల మీద ఈడ్చుకుంటోంది.

రోశయ్య నోరు తెరిచాడు.

ఆమె కళ్ళు తెరిచి ఆయన వైపు చూసింది. అడుగు ఆపలేదు.

ఆయన నోరు అలాగే తెరుచుకుని ఉంది. ఆమె కమ్మీ ముందు నుంచి, ఆయనకి చేతికందేంత దగ్గర నుంచి దాటిపోయింది. గీత దాకా వెళ్ళింది. గీత దాటింది.

అప్పుడు మూశాడు.

* * *

ఆమె కుర్చీలో కూర్చుంది. ఈసారి నిద్ర పట్టలేదు. సౌజన్య పేలిక విప్పి తడిగుడ్డతో మడమ తుడుస్తోంది. రోశయ్య వచ్చి ఎదురుగా నిలబడ్డాడు. పక్కనున్న ఖాళీ కుర్చీ లాక్కుని కూర్చున్నాడు.

నాగచైతన్య దూరంగా వెళ్ళి నిలబడ్డాడు.

"అరుస్తావనుకున్నా," అంది ఆమె.

"ఏంది?"

"తెగిందని. నోరు తెరిచావుగా."

"అరిస్తే ఆగేదానివా?"

"ఆగేదాన్నే. కాళ్ళు నా మాట వినేవి కావు."

ఆయన అరచేతులు చూసుకున్నాడు.

"మరెందుకు అరవలా?" అంది.

"తెగలేదుగా."

వెంకటేశ్వరమ్మ మొహం పక్కకి తిప్పుకుంది. సౌజన్య చేతిలో గుడ్డ ఆగిపోయింది. తల ఎత్తితే ఎవరి కళ్ళలోకి చూడాల్సి వస్తుందోనని ఎత్తలేదు.

మాట వెనక్కి తీసుకోవడం రోశయ్యకి అలవాటు లేని పని. ఎలా మొదలుపెట్టాలో తెలియక స్కూటరుతో మొదలుపెట్టాడు.

"రేపు తెల్లారేసరికి స్కూటరు తెస్తా. గేటు దాకా ఎందుకులే, ఇక్కడి దాకా తెస్తా. మాస్టారు కాదనడు. రేపటితో అయిపోద్దిగా, ఇంటికి పోదాం. వేణ్ణీళ్ళు కాచి పెడతా."

"నువ్వు కాస్తావా?"

"కాస్తా. నవ్వుతావేందే? నీళ్ళు కాయటం రాదా నాకు?"

ఆమె నిజంగానే నవ్వింది. ఎండిన పెదవి చిట్లి చిన్న ఎర్ర చుక్క వచ్చింది. వేలితో తుడుచుకుని, వేలి వైపు చూసి, గ్రౌండు వైపు చూసింది. అవతలి కొసలో పొద్దు వాలుతోంది. సున్నపు గీత మీద రెండు వరసల అడుగులు పడ్డాయి. ఒకటి పోయినది. ఒకటి వచ్చినది.

"అమ్మాయ్," అంది కోడలితో.

"చెప్పండి అత్తయ్యా."

"ఆమె నెల నడిచిందన్నావు."

"అవునండి."

"ఒక్కటీ తప్పకుండా."

"అవునత్తయ్యా. ఎందుకు?"

గంట మోగింది. జైనాబీ కుర్చీ చేతుల మీద భారం వేసి లేచింది. వెంకటేశ్వరమ్మ కూడా లేచి, కుచ్చిళ్ళు మళ్ళీ దోపుకుంది. మొగుడి వైపు ఒకసారి, కోడలి వైపు ఒకసారి చూసింది. ఆ చూపులో కోపం గానీ పంతం గానీ లేవు. ఇంట్లో రేపటికి పప్పు నానబెట్టమని చెప్పేటప్పుడు ఎలా చూస్తుందో అలాగే చూసింది.

"రేపు తెల్లారాక గంట ఆపొద్దని మాస్టారికి చెప్పు."